మన పల్లెల పేళ్లు

వనపర్తి జిల్లాలోని పెద్దమందడి మండలపు గ్రామముల పట్టికను చదివినచో ఊళ్లతోపాటు మనుష్యులును కనబడుదురు. పామిరెడ్డిపల్లి, వీరాయపల్లి, జంగమాయపల్లి, గట్లఖానాపురము అను నాలుగు గ్రామనామములలోను మనుష్యుల పేళ్లో బిరుదములో ఇమిడియున్నవి. పామిరెడ్డి తెలుగు కాపుదనపు పేరు. వీరాయ యనుదానిలో సంస్కృతపు వీరశబ్దమునకు 'అయ్య' చేరినది. జంగములు వీరశైవ గురువులు; కృష్ణకు ఆవలనున్న కన్నడదేశముతో ఈ సీమకు గల పాతసంబంధమును వారి పేరు జ్ఞప్తికి తెచ్చును. ఇక 'ఖాను' అను బిరుదము మధ్యాసియా మైదానములలో తురుష్కులును మంగోలులును తమ నాయకులకు పెట్టుకొన్నది. చెంఘిజ్‌ఖాను పేరులోనిదియు నదియే. అది పారసీకము మాటలాడు ప్రభువుల వెంట దక్కనుకు వచ్చి, గట్టుల నడుమ నొక పల్లెకు పేరైనది. పెద్దమందడికి తోబుట్టువువలె చిన్నమందడి యను గ్రామమును గలదు. అన్నదమ్ములకు పెద్దయ్య, చిన్నయ్య యని పేళ్లు పెట్టినట్లే మనవారు ఊళ్లకును పెట్టిరి. ఇట్లు ఒక్క మండలములోనే నాలుగైదు భాషల చరిత్ర పేళ్ల రూపమున నిలిచియున్నది.

అయినను విద్యావంతుల గృహములలో పల్లెటూరి పేరన్నచో నొక చిన్నచూపు గలదు. పెంటయ్య, పుల్లయ్య, బిచ్చప్ప, కుప్పమ్మ యను పేళ్లు వినగానే పిల్లలు నవ్వుదురు, పెద్దలు వారింపరు. ఆ పేళ్లవారి మనుమలు బడిలో తాతపేరు చెప్పుటకు సంకోచింతురు. పేళ్ల పుట్టుకను కొంత విచారించినచో ఈ నవ్వునకు ఆధారము లేదని తేలును. ఆ మాటలలో నీచత్వము లేదు. వానిని నీచముగా పలికిన నోటిలోను, అట్లు పలుకుటకు అలవాటుచేసిన సంఘమర్యాదలోను అది గలదు. ఈ సంగతిని మన సీమ చరిత్రనుండియే నిరూపింపవచ్చును.

పెద్దమందడికి ఉత్తరమున, హైదరాబాదునుండి కర్నూలునకు పోవు రాజమార్గముపై, భూతపూరు అను ఊరు గలదు. దాని పూర్వనామము బుద్ధపురము. కాకతీయుల కాలమున వర్ధమానపురము, అనగా నేటి నంది వడ్డెమాను, రాజధానిగా ఈ ప్రాంతము నేలిన గోనవారిలో బుద్ధారెడ్డి ప్రసిద్ధుడు. ద్విపదలో రంగనాథరామాయణమును రచించిన వాడితడే యని సాహిత్యచరిత్రకారులు చెప్పుదురు. అతని కుమార్తె మల్యాల గుండదండాధీశుని భార్య. భర్త మరణానంతరము బుద్ధపురమున ఆతని పేర దేవాలయము నిలిపి శాసనము వేయించిన ఆ విదుషిని తొలి తెలుగు కవయిత్రి యని పలువురు పరిశోధకులు గౌరవించుచున్నారు. ఆమె పేరు కుప్పాంబిక.

ఈ పేరును చదువరులు నిదానించి చూడవలెను. 'అంబిక' అనునది శాసనగౌరవార్థము చేర్చిన సంస్కృతపదము. ఇంటిలో పిలిచిన పేరు కుప్పమ్మ. నేడు పొలములో కూలిచేయు ముదుసలికి ఏ పేరున్నచో మన పిల్లలు నవ్వుచున్నారో, ఆ పేరే 13వ శతాబ్దమున పాలకుని కుమార్తెకును, సేనాపతి భార్యకును, కవయిత్రికిని ఉండెను. కుప్ప యనగా కళ్లములోని ధాన్యరాశి కావచ్చును, ఇంటి వెనుకటి చెత్తపోగు కావచ్చును. ఏదియైనను, దానిని రాతిపై చెక్కించుటకు ఆ కాలపువారు వెనుదీయలేదు. ఆమె భర్త పేరు గుండడు. కాకతీయ రాజులలో బేతడు, ప్రోలుడు గలరు. గోనవారిలో గన్నడు గలడు. ఇవి యన్నియు పొట్టివైన దేశిపదములు. సింహాసనముపై కూర్చున్నవానికిని, నాగలి పట్టినవానికిని ఒకే తీరు పేళ్లుండిన కాలమది.

తరువాతి శతాబ్దములలో ఈ సామ్యము చెడినది. ప్రభువుల పేళ్లు క్రమముగా సంస్కృతమువైపు నడిచెను. గద్వాల సంస్థానమున సోమభూపాలుడు, జటప్రోలు సంస్థానమున 'చంద్రికాపరిణయము' వ్రాసిన సురభి మాధవరాయలు, వనపర్తి సంస్థానమున రామేశ్వరరావు వెలసిరి. వనపర్తి ప్రభువులైన జనుంపల్లివారు రెడ్లు. అయినను వారి పేళ్ల చివర 'రావు' నిలిచెను. 'రెడ్డి' యనునది రట్టగుడి, రట్టడి యను పూర్వపు గ్రామాధికారనామమునుండి వచ్చినదని పండితులు చెప్పుదురు. 'రావు' అనునది రాజశబ్దము ప్రాకృతమున 'రాయ' యై, పిదప మారిన రూపము. రెండును అధికారమును తెలుపు మాటలే. ఒకటి ఊరి యధికారము, మరియొకటి రాజ్యాధికారము. సంస్థానము పెరిగినకొలది పేరు చివరి మాటయు మారినదన్నమాట. పేరనునది ఎప్పటికిని మారని జన్మచిహ్నమని తలచువారు ఈ యుదాహరణమును గమనింపవలెను. ఉన్నవారు తమ పేళ్లను ఇష్టానుసారము పెంచుకొనిరి. ఎవరును వారిని నవ్వలేదు. వారు విడిచిన దేశిపదములు పేదల యిండ్లలో మిగిలెను. పేదల యిండ్లలో మిగిలినవి గనుకనే నీచములని పిమ్మటివారు భ్రమపడిరి.

పేదలు ఆ పాతమాటలను భద్రపరచుటతో నూరకుండలేదు. తమ కొండలను, తమ జాతరలను కూడ పేళ్లలో చేర్చుకొనిరి. పాలమూరు సీమలో కురుమయ్య, కురుమూర్తి యను పేళ్లు విరివిగా కలవు. చిన్నచింతకుంట సమీపమున కొండపై వెలసిన కురుమూర్తిస్వామికి కార్తికమాసమున జరుగు జాతరయే వానికి మూలము. నల్లమలను ఆనుకొనియున్న గ్రామములలో శ్రీశైలమను పేరుగల పురుషులు కనబడుదురు. దేవుని పేరు గాక దేవుడున్న కొండ పేరే మనుష్యునకు పెట్టుట ఇందలి విశేషము. ఎల్లయ్య పేరునకు మూలమైన ఎల్లమ్మ ఊరి పొలిమేరను కాచు తల్లి. 'ఎల్ల' యనగా సరిహద్దు. మైసయ్య, పోచయ్య, మల్లయ్య యను పేళ్లును ఇట్టివే. ఒక పల్లెలోని ఓటర్ల జాబితాను దగ్గర నుంచుకొని చూచినచో, ఆ పల్లెవారు తరతరములుగా ఏ దిక్కున ఎంతదూరము నడచి మ్రొక్కులు చెల్లించిరో పటము గీయవచ్చును.

ఆ మ్రొక్కులు ఒక మతమునకే పరిమితములు కావు. పీర్ల పండుగనాడు నిప్పులగుండము చుట్టును ఆడువారిలో హిందువులు అనేకులుందురు. సంతానము కలిగినచో పీరు పేరు పెట్టుదుమని మ్రొక్కుకొన్న హిందూ కుటుంబములలో హుసేనప్ప, ఖాసిమప్ప, మస్తానయ్య, దస్తగిరి, లాలయ్య, సైదులు, ఫకీరప్ప పుట్టిరి. వీరి ముఖమున బొట్టుండును. పేరున అరబ్బీయో, పారసీకమో ఉండును. హసన్ అనగా అరబ్బీభాషలో మంచివాడు, అందగాడు. హుసేన్ అనునది దాని ముద్దురూపము. మనము 'చిన్నన్న' యన్నట్లే అది 'చిన్ని యందగాడు' అను నర్థమునిచ్చును. దానికి కన్నడతెలుగుల పొత్తున 'అప్ప' చేరి హుసేనప్ప యైనది. దస్తగిరి మరియు వింతైనది. పారసీకమున 'దస్త్' అనగా చేయి, 'గీర్' అనగా పట్టువాడు. ఆపదలో చేయిపట్టి కాచువాడని 1166లో పరమపదించిన బాగ్దాదు మహనీయుడు అబ్దుల్ ఖాదిర్ జీలానీకి అది బిరుదము. మన పల్లెవారికి 'గిరి' యనగానే కొండ స్ఫురించినది. శేషగిరి, వేంకటగిరుల ప్రక్కన దస్తగిరియు నొదిగిపోయినది. పరభాషాపదమును తన చెవికి సరిపడునట్లు దిద్దుకొని ఇంటివానిగా చేసికొనుట తెలుగునకు అలవాటు.

సైదులు అను పేరు చేసిన ప్రయాణము ఇంతకంటె దీర్ఘమైనది. సూర్యాపేట జిల్లాలోని జాన్‌పహాడు దర్గాకు మ్రొక్కుకొన్నవారు బిడ్డలకు సైదులు, సైదమ్మ యని పేళ్లు పెట్టుదురు. అరబ్బీలో 'సయ్యద్' అనగా ప్రభువు. దానికి మన గౌరవబహువచనము చేరి సైదులైనది. అదే మాట అరబ్బుల వెంట పడమరకు పోయి స్పెయిను దేశము చేరినది. 1099లో మరణించిన రోద్రిగో దియాజ్ అను క్రైస్తవ వీరుని తోడియోధులు 'ఎల్ సిద్' అని పిలిచిరి. అనగా 'దొర' యని. ఆఫ్రికానుండి దక్కనుకు వచ్చి వనపర్తి సంస్థానమున అంగరక్షకులుగా కొలువుచేసిన సిద్దీల పేరును 'సయ్యదీ' యను మాటనుండియే వచ్చినదని చెప్పుదురు. స్పెయినులో వీరకావ్యనాయకుడైన సిద్దును, మన ప్రాంతమున మేకలు కాచుకొను సైదులును పేరును బట్టి జ్ఞాతులు. ఒకని పేరు గంభీరముగాను, ఒకని పేరు మోటుగాను మనకు తోచినచో, ఆ భేదము మాటలో ఎక్కడనున్నది?

20వ శతాబ్ది పూర్వార్ధమున మెనొనైటు మిషనరీలు నాగరుకర్నూలు, వనపర్తి, గద్వాల ప్రాంతములలో బడులును వైద్యశాలలును నెలకొల్పిరి. వారివెంట బైబిలు నామములు వచ్చెను. యోహాను అను పేరునకు హీబ్రూభాషలో 'దేవుడు కరుణించెను' అని యర్థము. అది గ్రీకున 'ఇయోఆన్నేస్', ఆంగ్లమున 'జాన్', రష్యాభాషలో 'ఇవాన్', ఖురానులో 'యహ్యా' యైనది. దానితోపాటు కొత్త క్రైస్తవ కుటుంబములు సమాధానము, ఆశీర్వాదము, సంతోషము, దేవసహాయము అను తెలుగు సంస్కృతపదములను కూడ పేళ్లుగా గ్రహించిరి. వారిలో పెక్కుమంది అంతకుముందు ఊరివారి నోట సగము పేరుతో పిలువబడినవారు. సమాధానమను మాటను సగము చేసి పిలుచుట సులభము కాదు. ఈ సంగతి ఎంత ముఖ్యమో ముందు తెలియును.

ఇక మన పిల్లలు ఎక్కువగా నవ్వు పేళ్లను గూర్చి చెప్పవలెను. పెంటయ్య యనగా పెంటపై పొర్లించిన బిడ్డ. పుల్లయ్య యనగా భోజనమైన పిదప పారవేయు పుల్లాకున, అనగా ఎంగిలి విస్తరిలో, పరుండబెట్టిన బిడ్డ. బిచ్చప్ప యనగా బిచ్చమెత్తి తెచ్చిన గింజలతో పురుడు జరిపిన బిడ్డ. శ్రీకాకుళ విజయనగర ప్రాంతములలోని తవిటయ్య పేరునకు మూలము గుప్పెడు తవుడునకు పొరుగువారికి అమ్మి, మరల తెచ్చుకొన్నట్లు నటించుట. వరుసగా బిడ్డలు చనిపోయిన తల్లి తరువాతి బిడ్డకు ఇట్టి పేరు పెట్టును. చక్కని పేరు విన్నచో మృత్యువునకు ఆశపుట్టునని ఆమె భయము. పనికిరాని వస్తువు పేరు విన్నచో చూడక పోవునని ఆమె ఆశ. లోకమంతటిని మోసగింపలేకపోయినను మృత్యువునొక్కదానిని మోసగింపవలెనని ఆమె పన్నిన పన్నుగడ యిది.

ఆ భయము నిరాధారము కాదు. 20వ శతాబ్దపు తొలి దశాబ్దములలో మనదేశమున పుట్టిన ప్రతి వేయిమంది శిశువులలో సుమారు 200 మంది తొలి సంవత్సరము నిండకుండనే చనిపోయిరి. నాలుగైదు కాన్పులైన ప్రతి యింటిలోను ఒకటి రెండు తొట్టెలలు ఖాళీయైనవన్నమాట. మశూచికము, విషూచి, జ్వరములు, పురిటి దోషములు కారణములు. పట్టణమునకు వైద్యుడే అరుదైన కాలమున పల్లెతల్లి చేతిలోనున్న మందు పేరొక్కటియే. 2020 నాటి ప్రభుత్వపు లెక్కలలో తెలంగాణమునందలి శిశుమరణములు వేయింటికి 21. టీకాలు, ఆసుపత్రి కాన్పులు, మంచినీరు వచ్చినకొలది పెంటయ్య, పుల్లయ్య యను పేళ్లు తొట్టెలలోనుండి మాయమైనవి. ఎవరో నవ్వుటచేత గాక, అవసరము తీరుటచేత అవి పోయినవి. పల్లెలో మిగిలిన వృద్ధుడైన పెంటయ్య తనకుముందు పుట్టి పేరు లేకయే పోయిన అన్నలకును అక్కలకును మిగిలిన యొకేయొక గుర్తు.

ఈ తలపు తెలుగుతల్లులదే కాదు. తమిళదేశమున కుప్పుస్వామి, పిచ్చై గలరు. పిచ్చై యనగా భిక్షయే. తూర్పు ఉత్తరప్రదేశమున ఘురహూ యనగా పెంటపోగువాడు, కతవారూ యనగా ఊడ్చిపోసిన చెత్త. ముక్కుపుడక పెట్టి ఆడపిల్లయని మృత్యువును భ్రమింపజేసిన మగబిడ్డకు అచ్చట నత్థూ యని పేరు. ముందు చెప్పిన ఫకీరప్ప పేరులోని ఫకీరు శబ్దమునకు అరబ్బీలో పేదవాడని యర్థము. బిచ్చప్పయు ఫకీరప్పయు రెండు భాషలలో ఒకే పేరు. చీనాదేశపు పల్లెలలో పాతకాలమున మగబిడ్డను 'గౌషెంగ్' అని పిలిచెడివారు. కుక్క తిని విడిచినదని దాని యర్థము. రోమనుల యేలుబడిలోని ఐగుప్తు దేశమున దొరకిన గ్రీకు పత్రములలో కొప్రెయుస్, కొప్రియా యను స్త్రీపురుషనామములు విరివిగా కలవు. 'కొప్రోస్' అనగా పెంట. పెంటకుప్పపై విడువబడిన శిశువులను తెచ్చి పెంచినవారు పెట్టిన పేరని కొందరు, దృష్టిదోషము తగులకుండ తల్లిదండ్రులు పెట్టినదని కొందరు వ్యాఖ్యానించిరి. రెండు విధములను అది బ్రదికిన బిడ్డ పేరే. నైలునదీతీరమున పెంటమ్మ యున్నదని తెలిసినచో కృష్ణాతీరపు పెంటమ్మను చూచి నవ్వుట మానుదుము.

వేదవాఙ్మయము మాత్రము దీనికి వెలియా? ఐతరేయ బ్రాహ్మణమున అజీగర్తుడను పేదబ్రాహ్మణునకు ముగ్గురు కుమారులు. ముగ్గురి పేళ్లకును కుక్కతోక యనియే యర్థము. నడిమివాడు శునఃశేపుడు. తండ్రి నూరు గోవులకు అతనిని యజ్ఞపశువుగా అమ్మెను. దేవతలను స్తుతించి అతడు బంధవిముక్తుడైన పిదప విశ్వామిత్రుడు తన కుమారునిగా గైకొని దేవరాతుడని పేరు పెట్టెను. దేవరాతుడనగా దేవుడిచ్చినవాడు. దేవదత్తుడు, గ్రీకుల థియొడోర్, పారసీకుల ఖుదాదాద్, స్లావుల బొగ్దాన్ అను పేళ్లన్నిటికి ఈ యర్థమే. కుక్కతోక యను పేరుగలవాడు ఋగ్వేదసూక్తములకు ద్రష్ట యయ్యెను. అతని పేరును బట్టి ఎవరును ఆ సూక్తములను తక్కువగా చూడలేదు. శునఃశేపునకు లేని యవమానము పుల్లయ్యకు ఎక్కడనుండి వచ్చినది?

ఆ ప్రశ్నకు సమాధానము శాస్త్రగ్రంథములోనే కలదు. మనుస్మృతి రెండవ యధ్యాయమున నామకరణవిధి చెప్పబడినది. బ్రాహ్మణుని పేరు మంగళమును, క్షత్రియుని పేరు బలమును, వైశ్యుని పేరు ధనమును తెలుపవలెననియు, శూద్రుని పేరు ఏవగింపు కలిగించునట్లు ఉండవలెననియు అందలి విధి. తల్లి భయముతో పెట్టిన పేరునకును ఈ విధికిని పోలిక పైపైనిది మాత్రమే. తల్లి బిడ్డను దాచుటకు నీచవస్తువును పేరుగా తెచ్చుకొన్నది. శాస్త్రము మనుష్యుని నీచునిగా చూపుటకు పేరును ఆజ్ఞాపించినది. ఒకటి ప్రేమ, ఒకటి శిక్ష. మన సంఘము తల్లి ప్రేమను చూచియు శాస్త్రపు శిక్షగా దానిని చదువుకొన్నది.

పేరునకు జరిగిన యవమానము దాని యర్థములో కంటె దాని చివరిభాగములో జరిగినది. మన పేళ్ల చివరనుండు అయ్య, అన్న, అప్ప, అమ్మ, అక్క యనునవి అన్నియు బంధుత్వపదములు. రాజన్న యని పిలిచినవాడు తెలిసియో తెలియకయో వానిని అన్నగా అంగీకరించుచున్నాడు. ఎల్లమ్మ యని పిలిచినవాడు ఆమెను తల్లి యనుచున్నాడు. దొరల గడీలలోను, పటేలు పట్వారీల చావడులలోను అంటరానివారినుండియు, వెట్టివారినుండియు ఈ బంధుత్వపదములనే ఊడదీసిరి. ఎల్లయ్య ఎల్లిగాడయ్యెను, మల్లమ్మ మల్లి యయ్యెను. మొనగాడు, అందగాడు, వేటగాడు అను మాటలలో 'గాడు' మెప్పునో నేర్పునో తెలుపును. దానిలో స్వతః దోషము లేదు. 'అయ్య'ను తీసి ఆ చోట పెట్టినప్పుడే అది దెబ్బయైనది. తొంబదియేండ్ల వృద్ధుని పదియేండ్ల దొరబిడ్డ 'ఓరి యెల్లిగా' యని పిలుచుటలో ఎల్లమ్మ తల్లికి అవమానము లేదు. ఆ వృద్ధుని ఎవరికిని అన్నగాని తండ్రిగాని కానీయని కట్టుబాటు మాత్రము కలదు.

ఈ కట్టుబాటును పేరుతోనే ఎదిరించినవారు హైదరాబాదు రాజ్యమున పుట్టిరి. 1888లో ఒక మాల కుటుంబమున జన్మించిన మాదరి భాగయ్యకు కుటుంబగురువు భాగ్యరెడ్డి యని పేరు మార్చెను. ఈ జనులు పూర్వము ఈ నేలకు రేండ్లు, అనగా ప్రభువులు, అని ఆయన వాదము. 1913లో ఆర్యసమాజమువారు ఆయనకు వర్మ బిరుదము నిచ్చిరి. భాగ్యరెడ్డివర్మ 1906లో జగన్మిత్రమండలిని స్థాపించి, దళితబాలురకు బడులు నెలకొల్పి, దేవదాసీ దురాచారమును, మద్యపానమును ఎదుర్కొనెను. 1917లో బెజవాడయందు పంచమ మహాసభగా కూడిన సభకు అధ్యక్షుడై, పంచమశబ్దమునే నిరాకరించెను. ఆ సభ ఆది ఆంధ్ర మహాజనసభగా పేరు మార్చుకొనెను. 1931 నాటి జనాభా లెక్కలలో నిజాము ప్రభుత్వము ఆదిహిందువులను పేరును అంగీకరించెను. కులమునకు పేరు పెట్టు అధికారము ఆ కులమువారిదే యని చెప్పిన మహోద్యమమిది. జనుంపల్లివారు రావు అని చేర్చుకొన్నప్పుడు వినబడని ఆక్షేపణలు, భాగయ్య భాగ్యరెడ్డి యైనప్పుడు అనేకులకు తోచెను. పేరు మార్చుకొనుట నేరమా కాదా యనునది మార్చుకొన్నవాని కులమును బట్టి తీర్మానింపబడెనన్నమాట.

ఆడపిల్లల పేళ్ల విషయమున మరియొక యన్యాయము కలదు. ప్రాచీన రోమునగరమున ఆడపిల్లకు వేరుపేరు పెట్టుటయే అరుదు. జూలియసు వంశమున పుట్టిన కూతుండ్రందరును జూలియాలే. మన కృష్ణానది పుట్టిన సతారా జిల్లాలో, కొడుకుకొరకు ఎదురుచూచిన ఇండ్లలో వరుసగా ఆడపిల్ల కలిగినచో 'నకుషా' యని పేరు పెట్టెడివారు. మరాఠీభాషలో దానికి 'అక్కరలేనిది' యని యర్థము. 2011లో ఆ జిల్లాయందు 285 మంది బాలికలు ఒక సభలో ఆ పేరును విడిచి తామే కోరుకొన్న పేళ్లను స్వీకరించిరి. పెంటమ్మను నకుషాతో కలిపి చూడరాదు. పెంటమ్మ పేరు బిడ్డ ఉండవలెనని కోరినది. నకుషా పేరు బిడ్డ వద్దని చెప్పినది. మొదటిదానిని గౌరవముతో జ్ఞప్తియందుంచుకొనవలెను. రెండవదానిని మార్చుట ధర్మము.

ఇప్పుడు గృహస్థులు చేయవలసిన పని యేమి? మొదటిది, ఇంటికి వచ్చు పాలవానిని, పాకీపని చేయునామెను, కూలివానిని పూర్తిపేరుతో పిలుచుట. 'అయ్య'యు, 'అమ్మ'యు మన సొత్తులు కావు, దాచుకొనుటకు వీలులేదు. పిల్లలు మనము పిలిచినట్లే పిలుతురు గనుక ఈ పాఠము బడికంటె ఇంటిలోనే నేర్పవలెను. రెండవది, పల్లెలలోని వృద్ధుల పేళ్లు కాగితములపై సరిగా ఉన్నవో లేవో చూచి చదువుకొన్నవారు సాయపడుట. పాత పహాణీలో 'పెంటిగ'యై, ఆధారుకార్డులో పెంటయ్యయై, పట్టాపాసుపుస్తకములో పెంటప్పయైన మనుష్యుడు ఒక్కడేనని నిరూపించుకొనలేక పింఛనుకును, భూమికిని తిరుగులాడవలసివచ్చును. ఆనాడు నిర్లక్ష్యముగా ఊడదీసిన 'అయ్య' ఈనాడు ఆ కుటుంబపు కూడును పట్టి పీడించుచున్నది. మూడవది, పేరు మార్చుకొనగోరిన యువకుని నిందింపకుండుటయు, మార్చుకొనని వానిని నవ్వకుండుటయు. ఆ స్వేచ్ఛ అతనిది.

నాలుగవది చరిత్రకు సంబంధించినది. గద్వాల ప్రాంతపు సురవరము ప్రతాపరెడ్డిగారు, తెలంగాణమున తెలుగుకవులే లేరని యొకరు వ్రాసినప్పుడు, 1934లో 354 మంది కవులతో 'గోలకొండ కవుల సంచిక'ను ప్రకటించిరి. తగవాడుటకు మారుగా పేళ్లు చూపిరి. 1952లో ఆయనను శాసనసభకు పంపినది వనపర్తి నియోజకవర్గమే. కవులకు ఆయన చేసిన పనిని మన తాతముత్తాతలకు మనము చేయవలెను. ప్రతి యింటిలోను ఒక పుస్తకము పెట్టి, తెలిసినంతవరకు పెద్దల పేళ్లను, ఆ పేరు ఏల పెట్టిరో ఆ కథను, ఏ కొండకు మ్రొక్కిరో, ఏ పీరుకు మ్రొక్కిరో, ఎందరు బిడ్డలు పోయిన పిదప పెట్టిరో వ్రాసియుంచవలెను. అవి తెలిసిన ముసలమ్మలు రోజురోజునకు తరిగిపోవుచున్నారు. రాజులకు శాసనములున్నవి, కుప్పాంబికకు బుద్ధపురపు రాయి యున్నది. పెద్దమందడిలోని కుప్పమ్మకు ఆమె మనుమరాలి చేతివ్రాత తప్ప వేరు శాసనము లేదు.